హోబర్ట్ చెవిన పడేంత గోల

వోండా కే సైజ్‌మోర్ జడ నడుం దాకా ఉండేది, నాలుక అంతకన్నా పొడుగు. మా ఊరు టర్టిల్ లిక్‌లోని హోలినెస్ చర్చిలో ఆడవాళ్ళు జుట్టు కత్తిరించుకోకూడదు, ప్యాంటు తొడుక్కోకూడదు, పెదాలకు రంగు పూసుకోకూడదు. నోరు పారేసుకోకూడదని మాత్రం ఎవరూ రూలు పెట్టలేదు. దేవుడు వదిలిపెట్టిన ఆ ఒక్క సందులోంచే వోండా కే తన స్వేచ్ఛనంతా అనుభవించింది. వారమంతా బడి వంటింట్లో పిల్లలకి వండి పెట్టేది, ఆదివారం చర్చిలో స్టీల్ గిటార్ వాయించేది. రెండు చోట్లా ఆవిడ వడ్డించింది నోరు మూసుకుని పుచ్చుకోవాల్సిందే.

ఆ స్టీల్ గిటార్ మెడలో తగిలించుకుని గంతులేసే రకం కాదు. బల్లలా కాళ్ళ మీద నిలబడి ఉంటుంది, దాని ముందు కుర్చీ వేసుకుని కూర్చోవాలి. ఎడం చేత్తో ఇనపకడ్డీని తీగల మీద జార్చాలి, కుడిచేత్తో మీటాలి, పాదాలతో పెడల్సు తొక్కాలి, మోకాళ్ళతో పక్క మీటలు నెట్టాలి. వోండా కేది జంట గిటారు. అవతలి వరస తీగలు సన్నగా ఏడుస్తాయి. కంట్రీ పాటల్లో పెళ్ళాం పారిపోయినప్పుడూ, చర్చి పాటల్లో పాపి మోకరిల్లినప్పుడూ మనకు వినపడే ఏడుపు అదే. ఇవతలి వరస లావుగా మూలుగుతుంది. దాంతో మా ఊళ్ళో ఎవరికీ పని పడలేదు కాబట్టి వోండా కే దాని మీద పాటల పుస్తకమూ కాఫీ కప్పూ పెట్టుకునేది.

ఆవిడ మొగుడు హోబర్ట్ బొగ్గు గనిలో రూఫ్ బోల్టర్ నడిపి రిటైరయ్యాడు. తవ్విన చోట కప్పు నెత్తిన పడకుండా పైకి తొలిచి బోల్టులు బిగించే యంత్రం అది. ఆ యంత్రం అతని ప్రాణం కాపాడింది, కూలి కింద చెవులు పట్టుకుపోయింది.

ఈ చెవుల సంగతి కాస్త చెప్పాలి. మా వాళ్ళు ఊపిరితిత్తుల్లో చేరిన బొగ్గు గురించి దగ్గుతూ మరీ గొప్పలు చెప్పుకుంటారు. చెవుడు మాత్రం రంకులా దాచుకుంటారు. ఎందుకంటే గనిలో కప్పు కూలే ముందు చిటపటమంటుంది. ఆ చిటపట వినలేని వాడి పక్కన నిలబడి పనిచేయడానికి ఎవడూ ఒప్పుకోడు. అందుకని చెవుడు మొదలైనవాడు ముందు నేర్చుకునేది నటన. ఎదుటివాడి పెదాలు చూస్తాడు, అందరూ నవ్వినప్పుడు నవ్వుతాడు, అందరూ పరిగెత్తినప్పుడు పరిగెత్తుతాడు. రిటైరై ఇంటికొచ్చాక కూడా ఆ నటన వదలదు. సొంత పెళ్ళాం దగ్గర అసలే వదలదు.

హోబర్ట్ కుర్రతనంలో పెద్ద తప్పులెన్నువాడు. వోండా ఇంకా చర్చిలో చేరని రోజుల్లో, శనివారం డాన్సు హాలులో ఆమె వాయిస్తుంటే ఊళ్ళోని కుర్రాళ్ళంతా ఆహా ఓహో అనేవాళ్ళు. వాళ్ళు పొగిడింది గిటారునా, ఆమె మోకాళ్ళనా అనేది వేరే సంగతి. హోబర్ట్ ఒక్కడే స్టేజి దగ్గరికొచ్చి, "మూడో పాటలో స్వరం దాటిపోయి మళ్ళీ వెనక్కొచ్చావు, తాగినవాడు తన గేటు వెతుక్కుంటున్నట్టు," అన్నాడు. వోండా అతన్ని నానా తిట్లూ తిట్టింది. తర్వాతి వారం అతను రాకపోతే పాట సాగలేదు. ఆ ఎండాకాలంలోనే పెళ్ళయిపోయింది. ఆపైన రోజూ సాయంత్రం ఆవిడ వరండాలో వాయించడం, అతను మజ్జిగలో మొక్కజొన్న రొట్టె నలుపుకుని తింటూ తప్పు పట్టడం, ఆవిడ ఇంతెత్తున లేవడం. పక్కింటివాళ్ళు కుర్చీలు బయట వేసుకుని మరీ వినేవాళ్ళు. గిటారు కోసం కాదు.

మరి ఎప్పుడు మొదలైందో ఏమో, హోబర్ట్ తప్పులు పట్టడం మానేశాడు. "బాగుంది వోండా," అనేవాడు, రోజూ. వయసు పైబడి మెత్తబడ్డాడనుకుంది ఆవిడ. కొన్నాళ్ళకి, నిజంగా తనకే చెయ్యి తిరిగిందేమో అనుకుంది. ఆ అనుమానం క్రమంగా నమ్మకమైంది. చర్చిలో కాస్త తల ఎగరేసి కూర్చోవడం కూడా మొదలెట్టింది.

ఒక సాయంత్రం యాంప్లిఫయర్లో ఫ్యూజు పోయింది. కరెంటు లేకపోతే ఆ గిటారు చిమ్మెట రెక్క విదిల్చినంత చప్పుడు కూడా చెయ్యదు. ఫ్యూజు చూద్దామని లేవబోతూ వోండా మొగుడి వైపు చూసింది. హోబర్ట్ ఆవిడ చేతుల వంకే చూస్తూ తల ఊపుతున్నాడు, పాదంతో తాళం వేస్తున్నాడు. వోండా మళ్ళీ కూర్చుంది. చప్పుడు లేని గిటారు మీద ఒక పాట మొత్తం మొదటినుంచి చివరిదాకా వాయించింది.

"చాలా బాగుంది వోండా," అన్నాడు హోబర్ట్.

ఆవిడ లోపలికెళ్ళి వంటింటి కుళాయి తిప్పి, ఆ నీళ్ళ చప్పుడు మాటున ఏడ్చింది. తర్వాత గుర్తొచ్చింది, చప్పుడు మాటున ఏడవాల్సిన అవసరమే లేదని. దాంతో ఇంకాస్త ఏడ్చింది.

ఏడుపు చెవుడొచ్చినందుకు కాదు. గని మొగుళ్ళకు చెవుడు రాక మరేమొస్తుంది? ఇన్నేళ్ళుగా తను ఒంటరిగా వాయించుకుంటున్నందుకు. ఆ పొగడ్తలన్నీ ఉత్తివే అయినందుకు. ఆమెకు మళ్ళీ ఒక్కసారి అతని నోటి నుంచి నిజమైన మాట కావాలి, తిట్టయినా సరే. నాకు తెలిసిపోయింది అని అతని ముఖం మీద చెబితే చాలు, వ్యవహారం అక్కడితో తేలిపోయేది. కానీ అలా చెప్తే మా ఊరి మగవాడి బట్టలు నడిబజారులో ఊడదీసినట్టే. వోండా ఊళ్ళో అందరి బట్టలూ నోటితో ఊడదీసింది గానీ, హోబర్ట్‌వి మాత్రం ఊడదీయలేకపోయింది.

ఆవిడకి లోనీ అని ఒక మేనల్లుడు ఉన్నాడు. వీపు దాకా జులపాలు, మోచేతి మీద పుర్రె బొమ్మ, బతుకు తెరువు టైర్ల షాపులో. నలుగురు వెధవలు కలిసి బ్లాక్ డ్యాంప్ అని బ్యాండు పెట్టారు. గనిలో ఊపిరాడకుండా చంపే గాలి పేరు అది. వాళ్ళ తాతల్ని చంపిన గాలి పేరు పెట్టుకుని, కాలువ అవతల మూతపడ్డ స్కేటింగ్ హాలులో దూరి వీళ్ళు హార్డ్ రాక్ వాయించేవాళ్ళు. కాలువ ఇవతల ఉన్న ఆవులు కూడా పాలు చేపడం మానేశాయని ఊళ్ళో చెప్పుకునేవాళ్ళు.

ఒక రోజు వోండా అన్నకొడుక్కి బీన్సు గిన్నె ఇచ్చి రావడానికి స్కేటింగ్ హాలుకి బయల్దేరింది, హోబర్ట్ కూడా కారులో వచ్చాడు. లోపల ఆ నలుగురూ ఒళ్ళు తెలియకుండా బాదుతున్నారు. గుమ్మం దాటీ దాటకముందే హోబర్ట్ ముఖం చిట్లించాడు.

"ఆ డ్రమ్ము వాడెవడ్రా? పొద్దున్నే లేచి ఏమన్నా తిన్నాడా, లేదా? ప్రతిసారీ వెనకబడి చస్తున్నాడు," అన్నాడు.

లోనీ పాట ఆపి నవ్వాడు. "నిజమే మామయ్యా, వీడితో అదే చావు."

వోండా చేతిలో బీన్సు గిన్నె ఒలికింది. హోబర్ట్‌కి వినపడింది! చెవుల్లో సన్నటి చప్పుళ్ళు చచ్చిపోయాయి కానీ, లావుపాటివి ఇంకా బతికున్నాయి. నేల అదిరితే, పక్కటెముకలు అదిరితే, అతనికి అందుతోంది. అంటే తను ఏళ్ళ తరబడి గుండె కరిగేలా ఏడిపించిన తీగలు వినపడని మొగుడికి, ఈ జులపాల సంత గోల వినపడిందన్నమాట. వోండాకి సంతోషం కలగాలి కదా. కలగలేదు. ఒళ్ళు మండింది. హోబర్ట్ మరో ఆడదాని ఇంటికెళ్ళొచ్చాడని తెలిసినా అంత మండేది కాదు.

ఆ రాత్రే తన గిటారు మీంచి కాఫీ కప్పు తీసేసి ఇవతలి వరస తీగలు తుడిచింది. మర్నాడు వరండాలో వాటి మీద వాయించి చూసింది. కానీ ఆ బుల్లి యాంప్లిఫయర్ గొంతులో తుమ్మెద పడ్డట్టు రొద పెట్టి ఊరుకుంది. "బాగుంది వోండా," అన్నాడు హోబర్ట్. ఆ మాటంటేనే ఆవిడకి కంపరం పుట్టేదాకా వచ్చింది.

సరిగ్గా అప్పుడు లోనీ ఒక ఆలోచనతో దిగాడు. వాడి బుర్రలో ఆలోచన పుట్టడమే వింత. కంట్రీనీ హార్డ్ రాక్‌నీ కలిపి ఒక ఆల్బం చేస్తారట. చిన్నప్పటినుంచి చర్చిలో, వంటింటి రేడియోలో విన్నది ఒక పక్కా, పెద్దయ్యాక చెవులు పగలగొట్టుకున్నది ఒక పక్కా, రెండూ ఒకే క్యాసెట్టులో.

"నీ గిటారు ఏడుపు కావాలత్తా," అన్నాడు. "మేం రాళ్ళు దొర్లించినట్టు వాయిస్తుంటే, మధ్యలో నీది సన్నగా, ఇలా కళ్ళనీళ్ళు జారినట్టు రావాలి. విన్నవాడు గిలగిల్లాడి చావాలి."

"ఏడవను," అంది వోండా.

"అదేంటి?"

"ఏడ్చి ఏడ్చి విసుగొచ్చింది. వాయిస్తే ఇవతలి వరసే వాయిస్తాను. మీ దగ్గర బీరువాలంత యాంప్లిఫయర్లు ఉన్నాయి చూడు, వాటిలోంచి. మీ గిటార్ల గొంతు బొంగురు చేస్తుందే, ఆ డబ్బా కూడా నాకు తగిలించు."

లోనీ నోరు తెరిచాడు. "అత్తా, నీకు వొంట్లో బాగానే ఉందా? అరవడానికి మేం నలుగురం ఉన్నాం కదా. నిన్ను పిలిచిందే ఏడవడానికి."

"అయితే ఇంకో ఏడుపుగొట్టుదాన్ని చూసుకో. ఊరి నిండా ఉన్నారు."

స్టీల్ గిటార్ వాయించేవాళ్ళు మాత్రం ఊళ్ళో ఇంకెవరూ లేరు. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. లోనీ కాళ్ళబేరానికొచ్చాడు. ఒక్క పాటలో అవతలి వరస వాయిస్తే, మిగతా అన్నిట్లో ఇవతలిది వాయించుకోవచ్చని తేలింది.

అలా హోలినెస్ చర్చిలో వాయిద్యాలవాళ్ళ బల్ల మీద కూర్చునే మనిషి, పొడుగు లంగా, నడుం దాకా జడ, మెడ దాకా బొత్తాలు, స్కేటింగ్ హాలులో పుర్రె బొమ్మల కుర్రాళ్ళ మధ్య కూర్చుని సింహం గర్జించినట్టు వాయించడం మొదలెట్టింది. మొదటి రోజు ఆ చప్పుడుకి తనే అదిరిపడి ఇనపకడ్డీ జారవిడిచింది. రెండో రోజు నవ్వుకుంది. ఆపైన ఆ నలుగురూ ఆవిడ వెనకాల పరిగెత్తలేక రొప్పారు. డ్రమ్ము కుర్రాణ్ణి అయితే బడి భోజనాల వరసలో పిల్లల్ని తోలినట్టు తోలింది. "ముందుకి జరగరా! వెనకాల జనం ఆగిపోతున్నారు!" అని వాయిస్తూ వాయిస్తూనే అరిచేది. ఆ అరుపులు రెండు మూడు క్యాసెట్టులో కూడా పడ్డాయి. లోనీ వాటిని తీసేయలేదు.

పాటలంటారా, అన్నీ గనివే. కప్పు కూలడం, కంపెనీ కొట్టులో అప్పు తీరకపోవడం, ట్రక్కు స్టార్టవ్వకపోవడం. ఆల్బంకి రూఫ్ బోల్ట్ అని పేరు పెట్టారు. మాటలు లోనీ రాశాడు కాబట్టి వాటి గురించి ఎక్కువ చెప్పకపోవడమే మర్యాద. కానీ చర్చి పాటలా మెల్లగా మొదలై, ఉన్నట్టుండి నేల చీలినట్టయ్యే చోట్లు కొన్ని ఉన్నాయి. ఆ చోట్లలో వోండా కే వాయించింది వింటే నాకు ఇప్పటికీ వెన్నులో చలి పుడుతుంది, సిగ్గు లేకుండా చెప్తున్నాను.

చప్పుడు కాలువ దాటి చర్చి దాకా వచ్చింది. బుధవారం ప్రార్థనలో పాస్టరు బ్రదర్ ఎల్డన్ నరకం గురించి చెబుతుండగా, సరిగ్గా నరకం ఎలా ఉంటుందో చూపిస్తున్నట్టు కిటికీ అద్దాలు గడగడలాడాయట. ఆయన బైబిలు చంకన పెట్టుకుని, చర్చి పెద్దలైన ఇద్దరు డీకన్లని వెంటేసుకుని స్కేటింగ్ హాలు మీదికి దండెత్తాడు. తలుపు తోసి చూస్తే, దయ్యం గొంతు వస్తున్న పెట్టె ముందు కూర్చున్నది తన చర్చిలో స్టీల్ గిటార్ వాయించే మనిషి.

"సిస్టర్ వోండా! ఇది మీరేనా?"

"కాదు బ్రదర్, మా మేనత్త."

డీకన్లలో ఒకడు నవ్వబోయి దగ్గుగా మార్చుకున్నాడు. బ్రదర్ ఎల్డన్ చెడ్డవాడు కాదు, చప్పిడి మనిషి. కుర్చీ లాక్కుని కూర్చుని మెల్లగానే మాట్లాడాడు.

"చూడండి సిస్టర్. లోకం పాటలు వాయించే చేత్తో దేవుడి పాట వాయించడానికి వీల్లేదని మీకూ తెలుసు. రూలు ప్రకారం మిమ్మల్ని బల్ల దింపాలి. కానీ మీరు మా అమ్మ అంత్యక్రియలకి వాయించారు. అది నేను మరిచిపోలేను. ఈ ఆదివారం లేచి నిలబడి, బలహీనపడ్డాను అని ఒక్క మాట అనండి. ఇక్కడికి మళ్ళీ రాకండి. అంతే, ఎవరూ ఏమీ అనరు."

వోండా ఇనపకడ్డీని లంగా అంచుతో తుడుస్తూ కూర్చుంది. లోనీ తర్వాత చెప్పాడు, అత్త నోరు మూసుకుని ఉండటం తన జన్మలో అదొక్కసారే చూశానని.

"ఎందుకు చేస్తున్నారో అదైనా చెప్పండి," అన్నాడు బ్రదర్ ఎల్డన్. "కారణం ఉంటే నేను జనానికి సర్దిచెప్తాను."

కారణం ఉంది. నాలుక చివర ఉంది. నా మొగుడికి చెవుడు, అతనికి వినపడేది ఈ ఒక్క రకమే అంటే చాలు, డీకన్లు కళ్ళు తుడుచుకుంటూ ఇంటికి పోయేవాళ్ళు. తెల్లారేసరికి ఊరంతా హోబర్ట్ ముఖం ముందు నిలబడి చేతులు ఊపుతూ నెమ్మదిగా, పెద్దగా మాట్లాడేది. అతనితో పనిచేసినవాళ్ళు ఏయే రోజున ఎంత ప్రమాదంలో ఉన్నారో లెక్కలు వేసుకునేవాళ్ళు.

"కారణమేముంది బ్రదర్," అంది వోండా. "నాకు ఈ గోల నచ్చింది. దింపెయ్యండి."

దింపేశారు. అది మాటలు కాదు. పెళ్ళయిన దగ్గర్నుంచి ప్రతి ఆదివారం కూర్చున్న బల్ల. ఆ ఆదివారం వోండా మామూలుగానే చర్చికెళ్ళి చివరి వరసలో కూర్చుంది. పాట మొదలైంది. స్టీల్ గిటార్ ఉండాల్సిన చోట ఖాళీ అలాగే ఉంది. ఎవరూ ఆవిడ వైపు చూడలేదు. బడి వంటింట్లో తోటి ఆడవాళ్ళు చూశారు గానీ, వయసొచ్చాక మతి చలించిందని ఒకరి చెవిలో ఒకరు ఊదుకున్నారు. వోండా వింది. ఆవిడ చెవులు భేషుగ్గా ఉన్నాయి. జీవితంలో మొదటిసారి తిరిగి ఒక్క మాట అనలేదు. ఇంటికొచ్చి కోడిమాంసం వేయిస్తూ చెయ్యి కాల్చుకుంది. కావాలని కాదు, కళ్ళు కనపడక.

హోబర్ట్‌కి ఇదంతా కొంత తెలుసు, కొంత తెలియదు. పెదాల మీద పట్టుకున్నంత వరకే తెలుసు. "చర్చిలో ఏదో గొడవటగా?" అన్నాడొకసారి. "కుళ్ళు," అంది వోండా. అతను తల ఊపి, "అంతే, అంతే," అన్నాడు. ఏ మాటకైనా పనికొచ్చే జవాబు అది.

ఆల్బం సంగతి ఇక్కడే తేల్చేస్తాను, తర్వాత ఎవరూ అడగొద్దు. రూఫ్ బోల్ట్ పెద్ద ఊళ్ళకి పోలేదు. రేడియోవాళ్ళలో కంట్రీవాళ్ళు ఇది రాక్ అన్నారు, రాక్‌వాళ్ళు ఇది కంట్రీ అన్నారు. లోనీ పికప్ వెనక తలుపు దించి, మోటు బళ్ళ పందేలు జరిగే చోటా, పంది వేపుళ్ళు జరిగే చోటా క్యాసెట్లు అమ్మాడు. మా వైపు గని కుర్రాళ్ళ బళ్ళల్లో అరిగిపోయిన క్యాసెట్లు ఇంకా ఉన్నాయి. బ్యాండులో ఇద్దరు పెళ్ళిళ్ళు చేసుకుని చెడిపోయారు. అంతే కథ. ఎవరూ గొప్పవాళ్ళు కాలేదు.

కానీ అమ్మకానికి ముందు ఒక తంతు ఉంది. మా వైపు పాట బాగుందా లేదా అనేది యంత్రాలున్న గదిలో తేలదు, పికప్‌లో తేలుతుంది. కొండ ఎక్కుతూ, ఇంజను మూలుగుతూ, డాష్‌బోర్డు గడగడలాడుతూ ఉండగా కూడా పాట నిలబడితే అప్పుడది పాట. ప్రతివాడూ ముందు క్యాసెట్టు పట్టుకుని ఎవరో ఒక పెద్దమనిషిని బండిలో ఎక్కించుకుని తిప్పి తీర్పు అడుగుతాడు. వోండా ఇన్నాళ్ళూ కాచుకున్నది ఈ తంతు కోసమే. ఇందులో ఎవరికీ అనుమానం రాదు, హోబర్ట్‌కి అసలే రాదు.

"మీ మామయ్యని తిప్పరా," అంది లోనీతో. "ఆయన తప్పు పట్టని పాట లోకంలో లేదు."

"ఇప్పుడాయన అన్నీ బాగున్నాయనే అంటాడు కదత్తా."

"చెప్పింది చెయ్యి."

లోనీ పికప్‌లో సీటు వెనక రెండు పెద్ద స్పీకర్లు ఉన్నాయి. టైర్ల షాపు జీతమంతా వాటికే తగలేశాడని వాళ్ళమ్మ ఏడుపు. ఆదివారం పొద్దున, జనమంతా చర్చిలో ఉన్న వేళ, లోనీ స్టీరింగ్ దగ్గర, వోండా మధ్యలో, హోబర్ట్ తలుపు పక్కన, ముగ్గురూ ఇరుక్కుని కూర్చున్నారు. బండి కొండదారి పట్టింది. లోనీ క్యాసెట్టు తోశాడు.

క్యాసెట్టు మొదట్లో ఉత్త టేపు కాసేపు తిరుగుతుంది. పాట ఇంకా మొదలు కాలేదు. హోబర్ట్ లోనీ చెయ్యి బటను నొక్కడం చూశాడు, తల ఊపడం మొదలెట్టాడు.

"బాగుందిరా," అన్నాడు.

లోనీ అత్త వంక చూశాడు. వోండా ముందుకే చూస్తూ, "రోడ్డు చూడరా," అంది. ఇది కూడా దండగేనేమో, బల్లా పోయింది, పరువూ పోయింది, ఇంకా ఈ బాగుంది పోలేదు అనుకుంది.

పాట మొదలైంది. మెల్లగా, చర్చి పాటలా. హోబర్ట్ తల తప్పు తాళానికి ఊగుతూనే ఉంది. డ్రమ్ము పడింది. తల సరైన తాళానికి మారింది. తర్వాత ఇవతలి వరస తీగలు లేచాయి. సీటు అదిరింది, తలుపు రేకు అదిరింది, అద్దం మీది దుమ్ము రాలింది.

హోబర్ట్ తల ఊపడం ఆపేశాడు.

అరచెయ్యి తీసి తలుపు మీద ఆనించాడు. ఆ చెయ్యి అక్కడే ఉంది, కొండ మలుపు తిరిగేదాకా, రెండో చరణం అయ్యేదాకా. కళ్ళు ఎవరి పెదాల మీదా లేవు. ఎదురుగా అద్దంలోంచి ఎక్కడో చూస్తున్నాయి. తర్వాత ముఖం నెమ్మదిగా చిట్లింది. వోండా ఆ చిట్లింపుని చూసి ఎన్నేళ్ళయిందో ఆవిడకే తెలియదు.

"ఆపరా," అన్నాడు హోబర్ట్. "బండి పక్కన పెట్టు."

లోనీ గడ్డిలోకి దింపి ఆపాడు. పాట ఆపాడు. 

"ఆ బొంగురు గొంతుది ఎవడు వాయించాడు?"

లోనీ స్టీరింగ్ వంక చూశాడు.

"ఎవడో గానీ," అన్నాడు హోబర్ట్, "రెండో చరణంలో కిందికి దిగేటప్పుడు ఏం తొందర వాడికి? కింది స్వరం లేచి పారిపోతుందా? నిలబడి దిగాలి. దొర్లిపడ్డట్టుంది. చెండాలంగా ఉంది."

"అది నేను," అంది వోండా, అతని వైపు తిరిగి, పెదాలు కనపడేలా.

హోబర్ట్ ఆవిడ ముఖంలోకి చూశాడు. తర్వాత స్పీకర్ల వంక చూశాడు. తర్వాత తలుపు మీద ఉన్న తన చేతిని, అది ఇంకా అక్కడే ఉన్నందుకు ఆశ్చర్యపోతున్నట్టు, తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. ఈవిడ చర్చి బల్ల ఎందుకు దిగిందో, ఈ వయసులో ఆ వెధవల మధ్య ఏం చేసిందో, ఒక్కొక్కటిగా అతని బుర్రలోకి దిగడం లోనీకి కూడా కనపడింది. వాడి మట్టిబుర్రకి కూడా.

"ఎన్నాళ్ళ నుంచి తెలుసు నీకు?" అన్నాడు హోబర్ట్, చాలా చిన్నగా.

"తెలిసినప్పటి నుంచి," అంది వోండా.

అతను కిటికీ వైపు తిరిగాడు. మెడ ఎర్రబడింది. దగ్గొచ్చింది, లేదా వచ్చినట్టు దగ్గాడు. లోనీ ఏం చెయ్యాలో తెలియక క్యాసెట్టు మళ్ళీ పెట్టబోయాడు. వోండా వాడి చేతి మీద ఫట్టున ఒకటేసింది. ఆవిడ ముక్కు కారుతోంది, కళ్ళు కారుతున్నాయి, జడ కొస లోనీ ఒళ్ళో పడి ఉంది. ఆవిడ వేటినీ పట్టించుకోలేదు. మొగుడి గడ్డం పట్టుకుని ముఖం తన వైపుకి తిప్పుకుంది.

"దొర్లిపడ్డానా? నేనా? ముప్ఫై ఏళ్ళుగా బల్ల మీద కూర్చున్నదాన్ని, నేను దొర్లిపడ్డానా? గాడిద చెవులేసుకుని నువ్వు నాకు తాళం చెప్తావా?"

"దొర్లిపడ్డావు," అన్నాడు హోబర్ట్. ఈసారి గొంతు పెరిగింది. "రెండుసార్లు."

"సరే," అంది వోండా, చేత్తో ముక్కు తుడుచుకుని, సీట్లో అతని వైపుకి పూర్తిగా తిరిగి కూర్చుంటూ. "ఇంకా ఏమేం బాగాలేదో చెప్పు."